పోలయ్య చెప్పమన్న మాట

ఏసుబాబు కళ్లు తెరిచాక మొదట చేసిన పని, కింది వరసలో ఎడమవైపు పన్ను ఉందో లేదో నాలుకతో తడిమి చూసుకోవడం. పన్ను ఉంది. ఉందని తెలిసి భయపడ్డాడు.

“ఇదెలాగొచ్చిందండీ? మూడో ఏడు ఊడిపోయింది కదా. నేనే గోడవతలకి ఇసిరేశాను,” అన్నాడు.

నేను అతని తలకున్న తీగల టోపీ విప్పుతున్నాను. ఇలాంటి ప్రశ్నలకు మా కేంద్రంలో అచ్చు వేయించిన జవాబులున్నాయి. “ఏసుబాబు గారూ, మీ పన్ను ఊడలేదు. మీరిక్కడ పడుకుని పది రోజులైంది. ఇవాళ మంగళవారం, ఉదయం పది గంటలు. మీ శిక్ష పూర్తయింది,” అని బడిపిల్లలా అప్పజెప్పాను. పది రోజులన్న మాట అందరూ వింటారు. నమ్మినవాళ్లను మాత్రం నేనింతవరకు చూడలేదు.

అద్దం చేతికిచ్చాను. అందులో ఉన్నవాడికి ముప్ఫై రెండేళ్లు. ఏసుబాబు నలభై రెండేళ్ల మనిషి కోసం వెతుక్కుంటున్నాడు. గడ్డం పది రోజులది. తీగల కోసం మేమే తల గొరిగించాం కాబట్టి, తన నెరిసిన జుట్టు ఏమైందో అర్థంకాక గుండు తడుముకున్నాడు. తరవాత అద్దం బోర్లించి మంచం మీద పెట్టేశాడు.

మా కేంద్రం చేసే పని ఇదే. రోజుకో సంవత్సరం. కోర్టు పదేళ్లు వేస్తే మేం పది రోజులు పడుకోబెడతాం. చేతికి సెలైన్, తలకు టోపీ. ఆ తల లోపల ఒక జైలు నడుస్తుంది. గోడలు, విజిల్, నీళ్ల చారు, దోమలు, జ్వరాలు, ఏదీ తక్కువ కాదు. పదేళ్లూ ఒక్క పూటైనా మినహాయింపు లేకుండా గడుస్తాయి. ఇంట్లోవాళ్లకు మాత్రం పది రోజుల ఎడబాటు. ఇంతకంటే దయగల శిక్ష ఎక్కడా లేదని మా డైరెక్టరు పరాంకుశం గారు వచ్చిన ప్రతివాళ్లకూ చెబుతారు. ఆయన ఆ మంచం మీద ఒక్క పూట పడుకున్న పాపాన పోలేదు.

ఏసుబాబు చేపలరేవు దగ్గర ఐసు ఫ్యాక్టరీలో మిషను ఆపరేటరు. ఒక రోజు తాగి డ్యూటీకి వచ్చాడు. అమ్మోనియా గొట్టం లీకవుతుంటే మిషను గది బయట గోనెసంచుల మీద పడి నిద్రపోయాడు. లోపల ఇద్దరు కూలీలు చచ్చిపోయారు. కోర్టులో అతను కాదనలేదు, లాయరును మాట్లాడనివ్వలేదు కూడా. పదేళ్లు వేశారు.

నా పేరు నూకరత్నం. విడుదలైన మనిషి పక్కన మొదటి ఆరు గంటలు ఉండటం నా ఉద్యోగం. ఈ ఉద్యోగం ముందు లేదు. మొట్టమొదట విడుదలైన ఆయన్ని నేరుగా ఇంటికి పంపేశారు. ఆయన వారం రోజులు దొడ్లోకి వెళ్లడానికి భార్యను అనుమతి అడిగాడట. ఇంకొకాయన, లోపల తనతో ఉన్న స్నేహితుణ్ణి వెతుక్కుంటూ ఊళ్లు పట్టుకు తిరిగాడు. ఆ స్నేహితుణ్ణి కల్పించి రాసింది మేమే. అప్పుడు ఈ ఆరు గంటల పద్ధతి పెట్టారు. సాయంత్రం నాలుగు లోపల ఆ మనిషికి నిజం చెప్పాలి. లోపల చూసినవాళ్లెవరూ లేరని అతను ఒప్పుకోవాలి. ఒప్పుకుని ఇల్లు చేరితే నేను కాగితం మీద సంతకం చేస్తాను. లేదంటే వెనక్కి తెచ్చి తుడుపు చేస్తారు. తుడుపు అంటే ఆ పదేళ్లనూ మనసులోంచి చెరిపేయడం. చెరిపేటప్పుడు గీత సరిగ్గా ఎక్కడ ఆగుతుందో ఎవరికీ తెలియదు. నిరుడు ఒకామె పదేళ్లతో పాటు తన కొడుకునీ మరిచిపోయింది. పరాంకుశం గారు దాన్ని స్వల్ప నష్టం అని రాశారు.

గేటు దాటాక ఏసుబాబు ఆగిపోయాడు. వ్యాను తలుపు మూసి ఉంది. తెరవమని చెప్పలేదు, తనూ తెరవలేదు. చేతులు కట్టుకుని పక్కన నిలబడ్డాడు.

“మీరే తీసుకోవచ్చండీ,” అన్నాను.

“నేనా?” అని నన్నూ తలుపునూ మార్చి మార్చి చూశాడు. పిడి పట్టుకుని లాగాక, ఎవరైనా అరుస్తారేమోనని ఒక క్షణం ఆగాడు. ఇది నాకు అలవాటే. అలవాటైందని చెప్పుకోవడానికి సిగ్గుగానే ఉంటుంది.

దారిలో టీ కొట్టు దగ్గర ఆపాను. బయట తాగే మొదటి టీ మనుషులకు కాస్త ధైర్యమిస్తుంది. ఏసుబాబు గాజుగ్లాసు రెండు చేతులతో పట్టుకుని, ఆవిరి ముఖానికి తగిలేలా పెట్టుకుని, మెల్లగా తాగాడు. అడుగున ఒక్క గుటక మిగిలింది. దాన్ని గుండ్రంగా ఒకసారి తిప్పి, వంగి, నేలమీద పోశాడు.

“గంగమ్మకి,” అన్నాడు తనలో తను.

నేను గ్లాసు దించి అతని వైపు తిరిగాను.

ఏసుబాబు చర్చికి వెళ్లే మనిషి. ఫైలంతా చదివాను, వాళ్లింట్లో గంగమ్మ లేదు. టీ అడుగున గుటక మిగిల్చి, ఒకసారి తిప్పి, గంగమ్మకి పోసే మనిషిని నా జీవితంలో ఒక్కణ్ణే చూశాను. ఆయన పోయి ఇరవై ఆరేళ్లయింది. ఆయన మా నాన్న.

“ఈ అలవాటు ఎక్కడిదండీ మీకు?” అని అడిగాను. అడక్కూడదని తెలుసు.

“పోలయ్యదండి. నా బ్యారక్కులో ఉండేవోడు. ఎనిమిదేళ్లు కలిసున్నాం. చేపలోళ్లు. దగ్గుతో పోయాడండి, నా చేతుల్లోనే,” అన్నాడు. గ్లాసు బల్లమీద పెట్టి, జాగ్రత్తగా దాని అంచు బల్ల అంచుకు సరిచేశాడు. “మేడంగారూ, నేనిప్పుడే ఇంటికెల్లనండి. ముందు ఎర్రరేవు ఎల్లాలి. పోలయ్య కూతురికో మాట సెప్పాలి. ఒట్టేశాను.”

ఎర్రరేవు మా ఊరు.

నేను చేసిన తప్పు ఇప్పుడు చెప్పాలి. మొదట్లో తల లోపలి జైల్లో ఖైదీ ఒక్కడే ఉండేవాడు. ముగ్గురికి మతి పోయింది. దాంతో తోడు ఖైదీలను పెట్టాలన్నారు. మా దగ్గర వంటావిడ తప్ప అందరూ రెండు పనులు చేస్తారు కాబట్టి, ఆ మనుషుల్ని రాసే పని మా మీదే పడింది. మనిషికో ఫారం, ఫారానికి పన్నెండు గళ్లు. పేరు, ఊరు, వృత్తి, అలవాట్లు, ఊతపదం, ఇలాగ. మేం పన్నెండు వాక్యాలు రాస్తే చాలు, మిగతా మనిషినంతా యంత్రం శిక్ష పడినవాడి మనసులోంచే తీసి నింపుకుంటుంది. ఒక్కొక్కరం పది మందిని రాయాలి. నిజంగా బతికిన మనుషుల్ని రాయకూడదు. ఆ నియమం గోడమీద ఎర్ర అక్షరాలతో ఉంది.

తొమ్మిది మందిని రాశాక నా బుర్ర ఖాళీ అయిపోయింది. పదో ఫారం ముందు పెట్టుకుని కూర్చున్నాను. పేరు పోలయ్య అని మార్చాను, మిగతా పదకొండు గళ్లూ మా నాన్నే. టీ గుటక. ఎడమచేతి వాటం. దగ్గు. మాటకు ముందు ‘అదేలే’ అనడం. గుమ్మానికి వీపు పెట్టి కూర్చుని వల బాగుచేసుకోవడం. సముద్రంలో వలలు చిక్కుపడి రెండు పడవల మధ్య జరిగిన కొట్లాటలో తెడ్డు విసిరి ఒక మనిషిని చంపడం. నాకు ఏడేళ్లప్పుడు జైలుకు వెళ్లాడు, పదకొండేళ్లప్పుడు అక్కడే పోయాడు. నాకు ఆయన గురించి తెలిసింది పదకొండు గళ్లకు సరిగ్గా సరిపోయింది, ఇంకొక్కటి రాయాలన్నా నా దగ్గర లేదు.

ఊరు గడిలో ఎర్రరేవు అని రాశాను. అది మా వాళ్లందరూ చేసే పొరపాటే. మా ఊరు సముద్రంలో కలిసిపోయి పదిహేనేళ్లయింది. అందరం తలో కాలనీలో ఉంటున్నాం. అయినా ఏ కాగితం మీద ఊరు అని కనిపించినా చెయ్యి ఎర్రరేవనే రాస్తుంది. రేషన్ కార్డుల్లో, పెళ్లి శుభలేఖల్లో, ఆస్పత్రి చీటీల్లో, లేని ఊళ్లో ఇంకా మూడొందల గడప ఉంది.

పన్నెండో గడి, తోటివాడికి చెప్పుకోదగ్గ ఒక బాధ. అందులో ఇలా రాశాను: ‘కూతురు ఒక్కసారే చూడటానికి వచ్చింది. అమ్మ వెనక దాక్కుంది. పలకలేదు.’

ములాఖత్ గదిలో ఇనపజల్లెడ. అవతల గుండుతో ఒక మనిషి నన్నే చూస్తూ ‘అమ్మీ, అమ్మీ’ అంటున్నాడు. నేను మా అమ్మ కుచ్చిళ్లు పట్టుకుని, ఇరవై నిమిషాలూ తల బయటపెట్టలేదు. ఇంకోసారి తీసుకెళ్తానంటే జ్వరం వచ్చిందని అబద్ధమాడాను. ఆ తరవాత ఆయన్ని ఐసుగడ్డల మీద తీసుకొచ్చారు.

“మేడంగారూ, పన్నెండు దాటేసింది,” అన్నాడు ఏసుబాబు. “ఎర్రరేవు బస్సు ఏ పక్కనుంచండీ?”

నా దగ్గర అచ్చువేసిన కాగితం ఉంది. మడత విప్పి చదివితే చాలు. ‘మీరు లోపల కలిసిన వ్యక్తులు కల్పితులు.’ మడత విప్పలేదు. చదివితే అతను కాదంటాడు, కాదంటే తుడుపు. తుడిస్తే పోలయ్య పోతాడు, అతనితో పాటు ఇంకెవరు పోతారో తెలియదు. నా నిర్వాకానికి ఈ మనిషి మూల్యం చెల్లించుకోవాలి.

“ఎక్కండి. నేను తీసుకెళ్తాను,” అన్నాను.

దారంతా అతను కిటికీలోంచి చూస్తూనే ఉన్నాడు. పదేళ్లలో లోకం ఎంతో మారిపోయి ఉంటుందనుకుని సిద్ధపడి వచ్చాడు, ఒక్కటీ మారలేదు. గోడమీద అదే సినిమా పోస్టరు. సగం కట్టి వదిలేసిన వంతెన అలాగే ఉంది. “నేనెల్లేటప్పుడు ఆ వాటర్ ట్యాంకుకి నీలం రంగేత్తన్నారండి. ఇంకా ఏత్తానే ఉన్నారు,” అని నవ్వబోయి, నవ్వలేక, మొహం చేతుల్లో పెట్టుకున్నాడు.

రోడ్డు సముద్రం దగ్గర తెగిపోయింది. అక్కడినుంచి బండరాళ్ల గట్టు. వ్యాను ఆపి దిగాం. పదిహేనేళ్లలో నేనక్కడికి ఒక్కసారీ రాలేదు.

“ఊరేదండీ?” అన్నాడు.

“అదిగో. ఆ అల విరుగుతోంది చూడండి, అక్కడ మా రామాలయం. దానికిటు వీధి. మూడో ఇల్లు పోలయ్యది.”

అతను నీళ్ల వంక చూశాడు, నా వంక చూశాడు. “మా రామాలయం అన్నారేంటండీ?”

“పోలయ్య కూతుర్ని నేనే.”

నమ్ముతాడనుకోలేదు. కానీ అతను నా ఎడమచెయ్యి వంక చూశాడు. తాళంచెవి ఆ చేతిలోనే ఉంది. నేనూ ఎడమచేతివాటమే. ఏసుబాబు రెండు చేతులూ జోడించాడు, మళ్లీ ఏం చెయ్యాలో తోచక దించేశాడు. గబగబా నేలమీద కూర్చున్నాడు. బ్యారక్కులో ముఖ్యమైన సంగతులు కూర్చునే చెప్పుకునేవారు కాబోలు. నేనూ ఎదురుగా కూర్చున్నాను.

“ఆయనెలా సెప్పాడో అలాగే సెప్తానండి. రోజూ రాత్రి మననం సేసుకునేవోణ్ణి, మర్సిపోకుండా.” గొంతు సవరించుకున్నాడు. “అదేలే, తప్పు మా అమ్మిది కాదురా, నాది. ఇరవై నిమిషాలే ఇచ్చారు. కళ్లారా సూసుకుందారని గుడ్లప్పగించి దాన్నే సూశాను. అలా సూత్తే ఏ పిల్లొత్తాది? ఇంటికాడ నేనెప్పుడూ పిల్సేవోణ్ణి కాదు. గుమ్మంకేసి ఈపు పెట్టుక్కూకుని వల బాగు సేసుకుంటా ఉంటే, అదే ఒచ్చి ఈపెక్కేది. ఆ రోజు కూడా ఈపు తిప్పి కూకునుంటే ఒచ్చేది. నాకే తట్టలేదు. అది పెద్దదై, నాన్న దగ్గరికి ఎల్లలేదే అని కుమిలిపోద్దేమో. అలా అనుకోవద్దని సెప్పు.” ఏసుబాబు ఊపిరి పీల్చుకున్నాడు. “అంతేనండి. అయిపోయింది.”

నేను ఏడ్చాను. ఉద్యోగంలో ఉండి, మెడలో గుర్తింపు కార్డుతో, ముక్కు చీదుకుంటూ ఏడ్చాను. అతను పక్కకు తిరిగి సముద్రాన్ని చూస్తూ కూర్చున్నాడు, నన్ను కంగారుపెట్టలేదు.

ఏడుపు ఆగాక ఒక సంగతి నా బుర్రకెక్కింది. గుమ్మానికి వీపు పెట్టి కూర్చుంటాడని నేను రాశాను. వీపెక్కేదాన్నని రాయలేదు. ఎందుకంటే నాకది తెలియదు. ఎంత తవ్వుకున్నా గుర్తు లేదు. అది మా నాన్న మాట కాదు. ఆయన ఏమనుకుంటూ పోయాడో ఎవరికీ తెలియదు.

అప్పుడు కాగితం తీసి, మడత విప్పకుండానే, నా మాటల్లో నిజమంతా చెప్పాను. ఫారం సంగతి, పన్నెండు గళ్ల సంగతి, నియమం తప్పిన సంగతి. ఒప్పుకోకపోతే తుడుపు చేస్తారని, తుడుపు ఎలా ఉంటుందో కూడా చెప్పాను. “పోలయ్య లేడు ఏసుబాబు గారూ. మా నాన్న ఉండేవాడు. మీరు చూసింది ఆయన్ని కాదు.”

“మరి ఆ మాటన్నదెవరండీ?” అన్నాడు అంతా విని.

“మీరే అయ్యుండాలి. ఖాళీలన్నీ యంత్రం మీ మనసుతోనే నింపింది. కూతుర్ని వదిలి లోపల కూర్చున్న తండ్రి మీరేగా.”

“నాకంత తెలివెక్కడిదండీ?” అని తల అడ్డంగా తిప్పాడు. “మీరు సదూకున్నోళ్లు. లేడన్నారు కాబట్టి లేడనే అనుకుంటాను. ఆ కాయితం మీద ఏలిముద్రెయ్యమన్నా ఏత్తాను. కానండి, ఆకరి వారం ఆయన నా తొడమీదే తల పెట్టుకున్నాడు. ఆ బరువు నా తొడకి తెలుసండి. దానికేం సెప్పమంటారు?”

మూడు కావస్తోంది. వ్యాను తిప్పాను.

ఏసుబాబు వాళ్లది చేపలరేవు వెనక కాలనీలో ఒంటిగది ఇల్లు. క్రిస్మస్‌కు కట్టిన కాగితం నక్షత్రం, రెండు నెలలైనా విప్పకుండా గుమ్మం మీద అలాగే ఉంది. అతని భార్య సువార్త మమ్మల్ని చూసి చేతిలోని చేట కింద పెట్టి పరిగెత్తుకొచ్చింది. తలుపు బార్లా తీసి ఉన్నా ఏసుబాబు గుమ్మం ముందు చేతులు కట్టుకుని నిలబడ్డాడు.

“అదేంటయ్యా, అక్కడే నిలబడ్డావు? లోపలికి రా. పదింటికే వదిలేత్తారన్నారు, పొద్దుట్నించీ సూత్తన్నాను,” అంది సువార్త. ఆమెకు పది రోజులే. అందుకని పది రోజుల కబుర్లూ ఒక్కసారిగా మొదలుపెట్టింది. కుళాయి దగ్గర మళ్లీ గొడవైందట. గ్యాస్‌బండ వచ్చిందట. “పక్కింటోళ్ల మేకపిల్ల పోయిందని సెప్పానా, దొరికింది,” అంది. ఏసుబాబు ప్రతిదానికీ తల ఊపుతున్నాడు. ఏ గొడవ, ఏ మేకపిల్ల, అతనికి ఒక్క ముక్క గుర్తు లేదని నాకు తెలుస్తూనే ఉంది. ఆమెకూ తెలిసింది. మాట మధ్యలో ఆపి, అతని ముఖం పరీక్షగా చూసి, “ఏమయ్యా?” అంది మెల్లగా.

లోపల్నుంచి నాలుగేళ్ల పిల్ల వచ్చింది. పేరు బ్లెస్సీ. ఒక చేతిలో అన్నం కంచం, మూతినిండా పప్పు. తండ్రిని చూసింది. గుండు, నుదుటి మీద టోపీ అంచు వేసిన ఎర్రటి వాత, మేకు కొట్టినట్టు కదలని చూపు.

“నాన్నేనే. ఎల్లు. సెప్పులు తెత్తానన్నాడుగా, అడుగు,” అంది సువార్త.

ఏసుబాబు పెదాలు కదిలాయి. ఏ చెప్పులో అతనికి తెలియదు. పదేళ్ల కిందట అన్న మాట. వంగి, రెండు చేతులూ చాచి, రెప్ప వెయ్యకుండా ఆ పిల్లనే చూస్తూ, “బ్లెస్సీ... బ్లెస్సమ్మా... రా తల్లీ,” అన్నాడు. పదేళ్లు దాచుకున్న చూపంతా ఆ పిల్ల మీద పడింది. కంచం కింద పడింది. బ్లెస్సీ తల్లి వెనక్కి వెళ్లి, కుచ్చిళ్లు రెండు గుప్పిళ్లతో పట్టుకుని, ముఖం అందులో దాచేసుకుంది.

ఏసుబాబు ఒక్క అడుగు ముందుకు వేశాడు. పిల్ల కెవ్వుమంది.

అతను వెనక్కి వచ్చేశాడు. నిటారుగా నిలబడ్డాడు. ముఖం మీద ఏమీ లేదు, బ్యారక్కులో లెక్క పిలిచేటప్పుడు ఇలాగే నిలబడి ఉంటాడు. “మేడంగారూ, నన్నెనక్కి తీసుకెల్లిపోండి. ఆ తుడుపేదో సేసెయ్యమనండి. ఈ పదేళ్లూ పోతే గానీ నేను దానికి నాన్నని కాను,” అన్నాడు.

“దాన్నీ మరిచిపోతే?”

“అది నన్ను సూసి బయపడకుండా ఉంటది. అది సాలు.”

“వెనక్కెక్కడికి? ఏం మాటలయ్యా అయ్యి?” అంది సువార్త, నా చెయ్యి పట్టుకుని. “పది రోజుల్లో నా మనిషిని ఏం సేశారమ్మా మీరు?”

గోడ గడియారంలో నాలుగవడానికి పది నిమిషాలుంది. నాకు ఆ ములాఖత్ గది కళ్లముందుకొచ్చింది. జల్లెడకు ఈవల నేనున్నాను, ఆవల ఏముందో అప్పుడు చూడలేదు, ఇప్పుడు చూస్తున్నాను. నా ఉద్యోగపు భాష ఎటు పోయిందో పోయింది.

“తిరుగు,” అన్నాను. “ఈపు తిప్పి కూకో. పోలయ్య సెప్పింది ఇంటివా లేదా? దాన్ని సూడకు. గుమ్మంకేసి ఈపు పెట్టి కూకుని నీ పని నువ్వు సేసుకో.”

ఏసుబాబు నన్ను చూశాడు. తరవాత గిరుక్కున తిరిగి, అరుగు మీద వీధివైపు మొహం పెట్టి కూలబడ్డాడు. చేతులు ఒళ్లో ఖాళీగా ఉన్నాయి. కాసేపటికి అవి కదిలాయి. ఎడమచేత్తో లేని దారం లాగి, కుడిచేత్తో లేని వలకన్ను పట్టుకుని, ముడి వేస్తున్నాడు. లోపల ఎనిమిదేళ్లు నేర్చుకున్న పని, ఆ వేళ్లు నిజంగా ఒక్కనాడూ చెయ్యలేదు. అందుకే తడబడుతున్నాయి. ముడి జారిపోయినట్టు మళ్లీ మొదటికొస్తున్నాడు. చెంపల మీద నీళ్లు కారుతున్నాయి, తుడుచుకోవడం లేదు.

నా ఫోను మోగింది. పరాంకుశం గారు. “నాలుగవుతోంది. సంతకమా, తుడుపా?” అన్నారు.

“సంతకమే సార్. అతను ఒప్పుకున్నాడు.”

“కల్పిత వ్యక్తుల ప్రస్తావన?”

“ఉంది సార్. పోలయ్య అని, నా పదో ఫారం. అది కల్పన కాదు, మా నాన్న. రేపొచ్చి రాసిస్తాను.”

“అయితే ఆ ఫారం తొలగించాలి. మీ చేతే తొలగించాలి. ఆ తరవాత మీ సంగతి చూద్దాం,” అన్నారు.

“అలాగే సార్,” అన్నాను. మా నాన్న రెండోసారి పోతున్నాడు, ఈసారి నా చేత్తో.

నేను ఫోను పెట్టేసేసరికి సువార్త నోటికి కొంగు అడ్డం పెట్టుకుని ఉంది. ఆమె కుచ్చిళ్ల దగ్గర పిల్ల లేదు. బ్లెస్సీ గుమ్మం దాటి, గోడ పట్టుకుని, ఒక్కో అడుగే వేస్తూ తండ్రి వెనక్కి వచ్చింది. కాసేపు ఆ గుండును చూసింది. పప్పు చేత్తో దాన్ని తాకింది.

“నాన్నా, జుట్టేది?” అంది.

ఏసుబాబు తల తిప్పలేదు. తిప్పకుండా ఉండటానికి ఎంత బలం కావాలో అతని మెడనరాలు చూస్తే తెలుస్తోంది. చేతులు మాత్రం ఆపకుండా ముడులు వేస్తూనే ఉన్నాడు. “మంగలాయన ఎత్తుకెల్లిపోయాడమ్మా,” అన్నాడు వీధిలోకి చూస్తూ.

పిల్ల కాసేపు ఆలోచించింది. ఆ తరవాత అతని మెడ చుట్టూ చేతులేసి, ఒక కాలు పైకెత్తి, వీపెక్కింది.

నేను ఎక్కేదాన్నో లేదో నాకు గుర్తు లేదు. ఎక్కేదాన్ననే ఆ రోజునుంచి అనుకుంటున్నాను.